నూట నలభై ఏడు, నూట నలభై ఏడు

ఎల్డన్ హాస్కీ ముప్పై మూడేళ్లుగా అయోవాలోని ఒకే చిన్న కాలేజీకి అమెరికన్ ఫుట్‌బాల్ కోచ్. పొద్దున భూగోళం పాఠం చెప్పేవాడు, మధ్యాహ్నం జట్టును పరిగెత్తించేవాడు, ఆటకు ముందురోజు మైదానంలో తెల్లగీతలు కూడా తానే గీసేవాడు. ఒక ఏడాది మైదానం మూడు గజాలు తక్కువైందని అవతలి జట్టు టేపు పెట్టి కొలిచి మరీ నిరూపించింది. ప్రపంచమంతా కొలిచే మేష్టారికి వంద గజాలు లెక్క తప్పాయా అని ఊరు ఆ చలికాలమంతా నవ్వుకుంది.

ఇక మిగిలింది ఒక్క ఆట. ఆ తర్వాత ఆ పదవి, పంతొమ్మిదేళ్లుగా పక్కనే నిలబడి ఎదురుచూస్తున్న సహాయకుడు డ్వేన్‌ది. హాస్కీకి ఒకటే దిగులు. గెలిచినవి నూట నలభై ఏడు, ఓడినవీ నూట నలభై ఏడే. ఆ సంగతి భార్య లవాన్‌కి తప్ప ఎవరికీ చెప్పుకోలేదు. ఆ ఉదయం గుడ్లు కెలుకుతూ, ఒక్కటి ఎక్కువ గెలిచి ఇంటికొస్తే చాలన్నాడు.

"ఓడినా రా. తలుపు వేసుకోనులే," అంది లవాన్.

నవంబరు చలి కొరికేస్తోంది. ఆట చివరికొచ్చేసరికి హాస్కీ జట్టు రెండు పాయింట్లు ముందుంది. బంతి అవతలివాళ్ల చేతిలో ఉంది గానీ, అంత దూరం నుంచి తన్ని గోలు కొట్టడం ఎవరి తరమూ కాదు. మిగిలినవి నాలుగు సెకన్లు.

గెలిచిన కోచ్ నెత్తిన మంచునీళ్లు కుమ్మరించడం అక్కడి ఆనవాయితీ. డ్వేన్‌కి ఆనందంలో ఆ నాలుగు సెకన్లు కనబడలేదు. ఇద్దరు బండ ఆటగాళ్లను సాయం పట్టి, నారింజ రంగు పీపా ఎత్తి వెనకనుంచి బోర్లించాడు. హాస్కీ కేక కూడా పెట్టలేక, వీపు విరుచుకుని మైదానం మధ్యకు పరిగెత్తాడు. మిగిలిన ఐసుముక్కలు పోద్దామని పీపాతో డ్వేన్ వెంటపడ్డాడు. ఆ ఇద్దరినీ చూసి అంపైరు పసుపు గుడ్డ విసిరాడు. ఆట ముగియకుండా మైదానంలోకి దూరినందుకు శిక్ష పదిహేను గజాలు. అవతలివాళ్లు ఆ పదిహేను గజాలూ ముందుకొచ్చి తన్నారు. బంతి గోలు కర్రల మధ్యనుంచి దర్జాగా దూరింది. మూడు పాయింట్లు. ఒక్క పాయింటు తేడాతో హాస్కీ ఓడాడు.

కాలేజీ అధ్యక్షుడు ట్రోయర్ కంబళి పట్టుకొచ్చాడు. ఇలా వెళ్లిపోవద్దు, ఇంకో ఏడాది ఉండి గెలిచి వెళ్లమన్నాడు. పక్కనే డ్వేన్, ఖాళీ పీపా కావలించుకుని, తలెత్తలేదు.

హాస్కీ పళ్లు టకటక కొట్టుకుంటున్నాయి. ఒక్క ఏడాది, ఓటముల కన్నా రెండే రెండు గెలుపులు ఎక్కువైతే చాలు. ఆట చూడవచ్చి మెట్ల దగ్గర నిలబడ్డ లవాన్ వైపు చూశాడు.

"వచ్చే ఏడు జట్టుని చూశారా సార్?" అన్నాడు చివరికి. "అందరూ పసికూనలు. పదికి పదీ ఓడతారు. ఆ ఓటములేవో డ్వేన్ పేరు మీద పడనివ్వండి."

డ్వేన్ తలెత్తి, "థాంక్స్, కోచ్," అన్నాడు.