ముసురులో తిరిగిన సూదుల చక్రం

ఈ రోజంతా ముసురు. ఫిజిక్స్ ల్యాబ్‌లో స్థిర విద్యుత్తు యంత్రాన్ని ఎంత తిప్పినా నిప్పురవ్వ రాలేదు. విద్యుత్ కణాలను వెనక్కి చిమ్మి ఉపగ్రహాలను ముందుకు తోసే అయాన్ ఇంజన్‌కు నమూనాగా నేను చేసిన గుండుసూదుల చక్రం దాని విద్యుత్తు సూది మొనల నుంచి చిమ్మితేనే తిరుగుతుంది.

"ఈ తేమకు కాదమ్మా. ఎగ్జిబిషన్‌కు వేరేది పెడదాం," అన్నారు సార్.

హాస్టల్లో మేం తల ఆరబెట్టుకునే కుంపటి తెచ్చి, యంత్రం గాజు పలకలకు సెగ చూపించాను. మళ్లీ తిప్పితే చక్రం గిర్రున తిరిగింది.

"గింత తోపుడుకు ఉపగ్రహం కదుల్తదా?" అడిగారు సార్.

"అక్కడ అడ్డం పడే గాలి లేదు సార్. ఆపకుండ తోస్తే వేగం పెరుగుతనే ఉంటది."

సార్ నవ్వి, ఎగ్జిబిషన్‌లో ముందు బల్ల నాకిచ్చారు.

నేను సార్‌కు ఎదురు జవాబు చెప్పడం ఇదే మొదలు. మీ మొదటి జవాబు ఏమిటో ఈ హాస్టల్ బోర్డు మీదే, కింద రాయండి.