తాళాలు చేసుకున్న పదహారో రాజు

తొమ్మిదో తరగతిలో ఫ్రాన్స్ రాజుల పాఠం వచ్చిన ప్రతిసారీ నాకు కోపం వస్తుంది. ఫరీదాబాద్‌లో నేను చరిత్ర చెప్పే బడిలో, పదహారో లూయీ రాజుకు తాళాలు తయారుచేయడమంటే సరదా అని చెప్పగానే వెనక బెంచీలు గొల్లుమంటాయి. "మేడమ్, రాజా హోకే తాలా బనాతా థా?" అంటూ ఒకడు లేస్తాడు. రాజై ఉండి తాళాలు చేసుకోవడమేమిటని వాడి వింత. ఆ పిల్లల్లో సగంమంది నాన్నలు ఫ్యాక్టరీల్లో మిషన్ల ముందు నిలబడి పనిచేసేవాళ్లే. అయినా నవ్వుతారు. చాక్‌పీసు బల్లమీద పెట్టి, ఇందులో నవ్వడానికేముందని అడుగుతాను. గొంతు కాస్త పెద్దదే అవుతుంది. పాపం, వాళ్లకేం తెలుసు? నా కోపం వాళ్ల మీద కాదు. అలాంటి నవ్వుకు భయపడి ఒకప్పుడు నేనొక అబద్ధం రాశాను, దాని మీద.

అప్పుడు నేను ఢిల్లీలో, మునిర్కాలో ఉండేదాన్ని. మూడో అంతస్తులో ఒక గది. ఎదురింటివాళ్ల కుక్కర్ కూస్తే మన పొయ్యి కట్టేయబోయేంత దగ్గరగా ఉండేవి ఇళ్లు. గదిలో నేనూ, కడప నుంచి వచ్చిన ఒక అక్కా. ఇద్దరం సివిల్స్ కోసం వచ్చినవాళ్లమే. అక్కకు అప్పటికే ప్రయత్నాలన్నీ అయిపోయాయి. కరోల్ బాగ్‌లో ఒక కోచింగ్ సెంటర్‌కు జవాబు పత్రాలు దిద్దిపెట్టేది. దిద్ది దిద్ది మనుషుల మాటల్ని కూడా దిద్దే అలవాటు పట్టుకుంది ఆమెకు.

మెయిన్స్‌కు ముందు ఒక పెద్ద ఫారం నింపాలి. పుట్టిన ఊరు, చదువు, తల్లిదండ్రుల వృత్తి, అభిరుచులు. రేపు ఇంటర్వ్యూ అంటూ వస్తే ప్రశ్నలడిగేవాళ్ల చేతిలో ఉండేది ఆ ఫారమే. అందుకని ఢిల్లీ గదుల్లో ఆ ఫారాన్ని పెళ్లిచూపులకు ముస్తాబు చేసినట్టు చేస్తారు. బంతి ముట్టనివాడు వాలీబాల్ ఆటగాడవుతాడు. మొక్కకు నీళ్లుపోయని పిల్ల తోటపని అని రాస్తుంది. అందరికీ తెలిసిన అబద్ధమే కాబట్టి ఎవరూ దాన్ని అబద్ధం అనుకోరు.

అభిరుచుల దగ్గర నేను ఆగిపోయాను. నాకేం అభిరుచులున్నాయి గనక? చదవడం, చదవకుండా నిద్రపోవడం, నిద్రపోయినందుకు ఏడవడం.

"పుస్తకాలు చదవడమని రాస్తివా, గుంపులో పడిపోతావు," అంది అక్క. "ఫ్రాన్సు రాజుల చరిత్ర అని రాయి. ఢిల్లీ మొత్తమ్మీద ఇంకెవురూ రాసుండరు. వాళ్లు దాంట్లోనే అడుగుతారు. ఆ పొద్దుకు బట్టీ కొట్టుకుంటే సరిపాయ."

రాసేశాను. ఇక తండ్రి వృత్తి దగ్గర ఎవరి సలహా అడగలేదు. మా బాపు జగిత్యాల బస్టాండు ఎదురుగా గొడుగు కింద కూర్చుని తాళాలు బాగుచేస్తాడు, మారు తాళంచెవులు చేసిస్తాడు. గొడుగు పక్కన రేకు బోర్డు, దాని మీద మూరెడు ఎర్ర తాళంచెవి బొమ్మ. ఆ బొమ్మ ఆయనే వేసుకున్నాడు. చిన్నప్పుడు బడి వదలగానే ఆ బోర్డు గుర్తుపట్టి పరుగెత్తుకెళ్లేదాన్ని. అదే నేను, ఇంటర్వ్యూలో సూట్లు వేసుకున్నవాళ్లు ఆ గొడుగును ఊహించుకుంటారేమోనని సిగ్గుపడి, 'వ్యాపారం' అని రాశాను. అక్కతో కూడా బాపుకు హార్డ్‌వేర్ షాపుందనే చెప్పాను. బాపు పేరు ఆధార్‌లో ఉన్నట్టే పడిందో లేదో చూడమని ఆ పేజీ ఫొటో తీసి ఆయనకే పంపాను. "పేరు సక్కగనే ఉన్నది బిడ్డా" అని వాయిస్ మెసేజ్ పెట్టాడు.

తర్వాత ఊరెళ్లినప్పుడు చూస్తే గొడుగు పక్కన బోర్డు లేదు. అడిగితే, "రంగు పోయింది, పెయింటర్‌కిచ్చిన," అన్నాడు. మరుసటి ఏడూ లేదు. పెయింటర్ల సంగతి తెలిసిందే కదా అనుకున్నాను.

ఒకసారి మా గది తాళంచెవి ఎక్కడో పడిపోయింది. అక్క తాళం పగలగొడదామంది. నేను కిందికెళ్లి సైకిల్ షాపు భయ్యా దగ్గర ఒక ఆకురాయి, సందు చివర పాతసామాన్ల కొట్లో ఒక పళ్లు లేని తాళంచెవి తెచ్చాను. కొవ్వొత్తి మసి పట్టించి, తాళంలో పెట్టి తిప్పి, మసి చెరిగినచోటల్లా ఆకురాయితో రాస్తూ పోయాను. గంట పట్టిందేమో, తాళం ఊడింది. అక్క నోరు తెరిచింది. "ఎక్కడ నేర్చుకున్యావే ఇది?"

"యూట్యూబ్‌లో," అన్నాను.

రెండుసార్లు మెయిన్స్ దగ్గరే పోయింది. మూడోసారి ఇంటర్వ్యూకు పిలుపొచ్చింది. వయసు దాటిపోతోంది, అదే ఆఖరు. ఢిల్లీలో గడిచిన అన్నేళ్లకూ చూపించుకోవడానికి ఆ అరగంటే మిగిలింది. ఫారంలో మళ్లీ అవే రాశాను. మాట మార్చితే అనుమానం వస్తుందని భయం. ఇక కూర్చుని నా అభిరుచిని నేర్చుకోవడం మొదలుపెట్టాను.

చివర్లో వచ్చిన ఆ రాజులందరికీ లూయీ అన్న ఒకటే పేరు కావడంతో మేం వాళ్లను అంకెలతోనే పిలిచేవాళ్లం. అక్క ఉల్లిపాయలు తరుగుతూ, "పద్నాలుగు ఏం చేసినాడు?" అనేది. నేను అప్పజెప్పేదాన్ని. నాలుగేళ్లకే గద్దెనెక్కి డెబ్భై రెండేళ్లు ఏలాడు. వెర్సాయ్‌లో పెద్ద మహలు కట్టించి దొరలందరినీ అక్కడికి రప్పించి కళ్లముందు పెట్టుకున్నాడు. ఆయన నిద్రలేవడం కూడా ఒక కొలువే. చొక్కా అందించే భాగ్యం కోసం దొరలు పోటీపడేవాళ్లు. "ఇప్పుడు ఆఫీసుల్లో జరిగేది అదే గదా," అనేది అక్క. "పదిహేను?" చిన్నప్పుడు జనం ఆయనంటే ప్రాణం పెట్టారు. పోయేనాటికి ఎంత విసిగిపోయారంటే, శవాన్ని వాళ్ల కంటపడకుండా గబగబా తీసుకెళ్లి పాతిపెట్టాల్సి వచ్చింది.

"పదహారు?"

పదహారు దగ్గర నాకు అప్పజెప్పడం చేతకాలేదు. ఇరవై నిండకముందే గద్దెమీద కూర్చోబెట్టారు. ముందు ఇద్దరూ చేసిన యుద్ధాలు, పెంచిన పన్నులు, ఆకలిగొన్న జనం, అన్నీ కలిపి అతని ఒళ్లో పోశారు. అతనేమో సిగ్గరి. నలుగురిలో మాట పెగలదు. మహల్లో ఒక మూల చిన్న పనిగది పెట్టుకుని, ఒక తాళాల కమ్మరిని గురువుగా పెట్టుకుని, చేతులకు మసి పూసుకుంటూ కూర్చునేవాడు. మంచి రాజేమీ కాదు. రొట్టె దొరకని ఆడవాళ్లు వానలో నడిచివచ్చి తలుపు తట్టేదాకా కదల్లేదు. అది మరచిపోయి జాలిపడటం తప్పని నాకు తెలుసు. అయినా జాలి వేసింది. తర్వాతి పేజీలో ఇంకొక సంగతి ఉంది. రాజు రహస్య కాగితాలు దాచుకోవడానికి గోడలో ఇనప బీరువా అమర్చింది ఆ గురువే. రాజు రోజులు తిరగబడగానే వెళ్లి ఆ గోడ చూపించిందీ ఆ గురువే. ఆ కాగితాలు విచారణలో రాజు మెడకు చుట్టుకున్నాయి. అది చదివి నేను నిజంగా ఏడ్చాను. అక్క వంట ఆపి, "రాజు కోసం ఏడుస్తాండావా, పరీక్ష కోసమా?" అంది. ఏమో, నాకూ తెలియలేదు.

ఇంటర్వ్యూ ఇంగ్లీషులో జరిగింది. ఐదుగురిలో ఒక పెద్దావిడ ఉన్నారు. నెరిసిన జుట్టు, ముక్కుమీదికి జారిన కళ్లజోడు. నా ఫారం చూసి నవ్వి, ఆ రాజుల్లో మీకు ఇష్టమైనవారెవరని అడిగారు. పదహారో ఆయన అన్నాను. ఓడిపోయినవాడు కదా అన్నారు. అవునన్నాను.

"రాజుకు తాళాల్లో ఏం సుఖం దొరికిందంటారు?"

దీనికి నా దగ్గర తయారు జవాబు ఉంది. బాధ్యత నుంచి పారిపోవడం, రాజరికం పతనానికి సూచన, అలాంటి ముక్కలు. నోరు తెరిస్తే అవి రాలేదు. "తాళం లోపల ఏముందో కంటికి కనిపించదు మేడమ్," అన్నాను. "చేత్తోనే తెలుసుకోవాలి. బలవంతం చేస్తే విరుగుతుంది. మెల్లగా తిప్పుతూ, ఎక్కడ ఆగుతుందో అక్కడ ఆకురాయితో కొంచెం రాయాలి. మళ్లీ తిప్పాలి. అది ఊడినప్పుడు వేలి చివర ఒక చిన్న కదలిక తెలుస్తుంది. దేశంలో ఆయన మాట విని కదిలింది బహుశా అదొక్కటే." నా చేతులు వాటంతటవే గాలిలో తాళం తిప్పుతున్నాయి.

ఆవిడ కళ్లజోడు పైకి తోసుకున్నారు. "ఇది పుస్తకంలో చదివింది కాదు. ఎవరు నేర్పారు?"

యూట్యూబ్ అన్న మాట నాలుక చివరిదాకా వచ్చింది. అదే సమయంలో ఆవిడ ఫారంలోకి చూశారు. అక్కడ ఏం రాసి ఉందో నాకు కంఠతా వచ్చు. గోడ చూపించిన ఆ కమ్మరి ఎందుకో గుర్తొచ్చాడు.

"మా నాన్న," అన్నాను. "బస్టాండు ముందు గొడుగు కింద కూర్చుని తాళాలు బాగుచేస్తాడు. వ్యాపారమని రాసింది నేను. సిగ్గుపడి రాశాను."

మధ్యలో కూర్చున్నాయన పేజీ తిప్పి నీటి పథకాల గురించి అడిగారు. దానికి ఏం చెప్పానో ఇప్పటికీ గుర్తులేదు. తర్వాత వచ్చిన జాబితాలో నా పేరు లేదు. నోరు మూసుకుని ఉంటే వచ్చేదని అక్క ఇప్పటికీ దెప్పుతుంది. నీటి పథకాలు సరిగా చదవలేదని నా అనుమానం.

ఆ రోజు బయటికి రాగానే, వేపచెట్ల కింద బస్సు కోసం నిలబడి బాపుకు ఫోన్ చేశాను.

"ఏమడిగిన్రు బిడ్డా?"

"తాళాల గురించి, బాపు."

ఆటపట్టిస్తున్నానని నవ్వాడు. అప్పుడు పదహారో రాజు కథంతా చెప్పాను. శ్రద్ధగా విన్నాడు. "ఆయిన చేసిన తాళాలు మంచిగ పడేటియా?" అని అడిగాడు.

"తెలువది బాపు. పుస్తకంల రాయలే."

"అసలుది అదే రాయాలె గదా మరి," అన్నాడు. ఎంతసేపు నవ్వానో. బీరువా సంగతి చెబితే మాత్రం ఆయన గొంతు మారింది. "నేర్పినోడే చూపెట్టిండా? పాపం. ఎవల బీరువ ఎక్కడున్నదో మనం నోరిప్పద్దు బిడ్డా. ఈ పనిల మొదటి ముచ్చట గదే."

"బాపు, నీ గురించి గూడ అడిగిన్రు. తాళాలు బాగుచేస్తడని చెప్పిన."

"ఫారంల వ్యాపారమని రాసినవ్ గదా," అన్నాడు బాపు మెల్లగా. "రెండు తీర్ల చెప్తే తప్పు పడ్తదేమో?"

ఆయనకు తెలుసు. పేరు చూడమని నేను పంపిన పేజీలో పేరు కింది ముక్క కూడా చదివాడు. ఇన్నేళ్లూ ఒక్క మాట అనలేదు.

"నేను గూడ ఎవలడిగినా వ్యాపారమనే చెప్తున్న," అన్నాడు. "రేపు నీకు నౌకరి వస్తె ఎంక్వైరీకి పోలీసులు వస్తరట. వాళ్లు బోర్డు చూస్తె నీ ఫారం అబద్ధమైతదని తీసి మంచం కింద పెట్టిన."

ఎక్కాల్సిన బస్సు వచ్చింది, పోయింది. నేను ఏడుస్తున్నానని ఆయనకు అర్థమైందో లేదో. ఆయనే, అడగొచ్చో లేదో అన్నట్టు అడిగాడు.

"అయితే ఇగ బోర్డు పెట్టుకోవచ్చునా, బిడ్డా?"