చేపల పులుసు కాపాడిన లైబ్రరీ

ఆత్మకూరులో ఒక ప్రైవేటు డిగ్రీ కాలేజీకి నేను లైబ్రేరియన్‌ని. ఎండాకాలమంతా మా అసలు ఉద్యోగం ఊళ్ళమీద పడి పిల్లల్ని చేర్పించుకురావడం. అనంతసాగరం వైపు ఇల్లిల్లూ తిరిగి, "మా కాలేజీలో పెద్ద లైబ్రరీ ఉంది" అని చెప్పేదాన్ని. అబద్ధం కాదు. ఉంది. తాళం వేసి ఉంది.

తాళం వేయించింది మా కరస్పాండెంటు. పొలాలూ రాజకీయాలూ చూసుకోగా మిగిలిన తీరికలో విద్యను ఉద్ధరిస్తున్న పెద్దమనిషి ఆయన. "పిలకాయలు చదివితే పుస్తకాలు నలిగిపోతాయమ్మా. యూనివర్సిటీ కమిటీవోళ్ళు తనిఖీకి వచ్చినప్పుడు కొత్తగా కనబడాల," అనేవాడు. ఉదయగిరిలో ఆయనకు ఇంకో కాలేజీ ఉంది. రెంటికీ కలిపి ఉన్నవి ఈ పుస్తకాలే. వాటిమీద కాలేజీ ముద్ర కూడా వేయనివ్వలేదు. వేస్తే ఏ ఊరివో తెలిసిపోతుంది కదా!

గొర్రెలు మేపే ఇంటి పిల్ల ఒకతి, బీఎస్సీ ఆఖరి సంవత్సరం, రోజూ నా దగ్గరికి వచ్చేది. పీజీ ఎంట్రన్స్ రాయాలి. సీటు రాకపోతే చదువు మాన్పిస్తామని ఇంట్లో తేల్చి చెప్పేశారు. ఆమెకు కావలసిన జువాలజీ పుస్తకం అద్దాల బీరువాలోంచి ఊరిస్తూ ఉండేది. "ఒక్క గంట ఇయ్యండి మేడం, ఈడే కూర్చోని చదువుకుంటా," అని బతిమాలేది. తాళంచెవి నా దగ్గర లేదని చెప్పడానికి నాకే సిగ్గేసేది.

ఈ ఏడాది యూనివర్సిటీ కమిటీ రెండు కాలేజీలనూ ఒకే రోజు చూస్తామని కబురు పెట్టింది. పొద్దున ఆత్మకూరు, భోజనాలయ్యాక ఉదయగిరి. నేను తల పట్టుకుంటే కరస్పాండెంటు నవ్వాడు.

"ఏంది మేడం అంత దిగులు? సోమశిల చేప తెప్పిస్తా, ముళ్ళు ఎక్కువుండేది. వాళ్ళు ముళ్ళు ఏరుకునే లోపల పుస్తకాలేసుకోని మన ట్రాలీ ఆటో ఉదయగిరి చేరదా?"

ఇంతటి మేధావి విద్యారంగంలో ఉండటమే మేలు. బయట వదిలితే దేశానికి ప్రమాదం.

ఆ రోజు తాళం తీశారు. చదివేవాళ్ళు కూడా కావాలి కాబట్టి, శుభ్రంగా తల దువ్వుకొచ్చిన పిల్లల్ని ఏరి కూర్చోబెట్టారు. అందులో మా జువాలజీ పిల్ల కూడా ఉంది. మిగతావాళ్ళు పుస్తకాలు తెరిచి ఫ్యాను వైపు చూస్తుంటే ఆమె ఒక్కతే నిజంగా చదువుతోంది. కమిటీ పెద్దాయన పక్కన నిలబడినా తల ఎత్తలేదు. ఆయన మురిసిపోయాడు.

కమిటీ పులుసు ముందు కూర్చోగానే మేం పుస్తకాలను యూరియా సంచుల్లో కూరడం మొదలుపెట్టాం. ఆమె మాత్రం తన పుస్తకం వదల్లేదు.

"పాఠం సగంలో ఉండాది మేడం."

"ఇదీ పోవాలమ్మా," అన్నాను.

"అయితే నేనూ వస్తా. ఆడ కూడా చదివేవాళ్ళు కావాల గదా!"

ఆ మాట నాకు భలే నచ్చింది. వాళ్ళ నాయనకు ఫోన్ చేయించి, ట్రాలీ ముందు సీట్లో నా పక్కన ఇరికించుకున్నాను. ఉదయగిరి కొండ కనబడేదాకా పేజీలు తిప్పుతూనే ఉంది.

పైన పటారం మళ్ళీ సర్దేసరికి కమిటీ దిగింది. పెద్దాయన తిన్నగా ఆమె దగ్గరికే వచ్చాడు.

"ఏమ్మా, పొద్దున నిన్ను ఆత్మకూరులో చూశాను కదూ?"

కరస్పాండెంటు మొహంలో నెత్తురు చుక్క లేదు. ఆమె లేచి నిలబడింది.

"అవును సార్. పుస్తకం ఈడికి వచ్చింది. అందుకని నేనూ వచ్చినా."

పెద్దాయన బీరువాల వంక ఓసారి, మా వంక ఓసారి చూశాడు. తిన్న పులుసు గుర్తొచ్చిందేమో, "చదువుకోమ్మా," అని బయటికి నడిచాడు. రెండు చోట్లా లైబ్రరీ భేషుగ్గా ఉందని రాసి పోయారు. అంత తిన్నాక ఆ మాత్రం రాయకపోతే ఎట్లా!

కరస్పాండెంటు మాత్రం నామీద ఒంటికాలిమీద లేచాడు. "ఆ పుస్తకం దాని మొహాన కొట్టి పంపించండి! ఇంకోసారి కమిటీ కంట పడకూడదు, ఆ పిల్లా, ఆ పుస్తకమూ!"

అంతకంటేనా! సారు మనసు మారకముందే ఆమెను ఆత్మకూరు బస్సెక్కించాను. చున్నీలో చుట్టిన పుస్తకాన్ని రెండు చేతులతో పట్టుకుని కూర్చుంది. మా లైబ్రరీ నుంచి ఒక విద్యార్థి ఇంటికి తీసుకెళ్ళిన మొదటి పుస్తకం అది. మిగతావి సంచుల్లో తిరిగొచ్చాయి. చెక్కుచెదరకుండా ఉన్నాయి, ఇప్పటికీ.