చూడని సోదా

పోలీస్ స్టేషన్ ఎదుట గడియారాలు బాగుచేసే ముసలాయనకు ఏ సంగతైనా తెలుసుకోకపోతే కడుపుబ్బిపోతుంది. కంటికి తగిలించుకున్న భూతద్దం తీయకుండానే వీధిలోకి తొంగిచూస్తాడు. అడ్రసు అడిగినవాణ్ణి ఎవరింటికి, ఏం పనిమీద అని ఆరా తీస్తాడు. "ఊళ్లో సంగతులన్నీ మా మామయ్యగారికే కావాలి" అని కోడలు విసుక్కుంటుంది. దుకాణం దగ్గరే కాబట్టి సోదాలకు సాక్షిగా పోలీసులు ఆయన్నే పిలుస్తారు. ఆయనా చొక్కా గుండీలు పెట్టుకుంటూ ఉత్సాహంగా బయలుదేరుతాడు.

ఒక మధ్యాహ్నం ఎస్సై, ఒక లారీ డ్రైవర్ సంచిలో గంజాయి దొరికిందంటూ పంచనామా కాగితం ఆయన ముందు పెట్టాడు. సాక్షుల ఎదుటే సంచి వెతికి, పొట్లానికి సీలు వేశామని అందులో ఉంది. ముసలాయన పొట్లం మీది లక్కను వేలితో తాకాడు. చల్లబడి, గట్టిపడి ఉంది.

"నేను రాకముందే వేసేశారుగా బాబూ?"

"రోజూ పెట్టే సంతకమేగా పెద్దాయనా, కానివ్వు!"

ఆయన సంతకం పెట్టి, దాని కింద ఇలా రాశాడు: "సంచి వెతకడం నేను చూడలేదు. వచ్చేసరికే సీలు వేసి ఉంది." రెండో సాక్షి అప్పటికే సంతకం చేసి వెళ్లిపోవడంతో ఎస్సైకి కాగితం మార్చే వీల్లేకపోయింది. ఆ తర్వాత సోదాలకు ఆయన్ను పిలవనూ లేదు.

ఏడాదికి జడ్జి ఆ రెండు ముక్కలూ చదివి, సోదా చట్టప్రకారం జరగలేదని కేసు కొట్టేశారు. కోర్టు మెట్ల దగ్గర, సాక్ష్యం చెప్పడానికి వచ్చిన ముసలాయనకు డ్రైవర్ కళ్లనీళ్లతో చేతులు జోడించాడు. ముసలాయన అతని దగ్గరికి జరిగి, "ఎవరికీ చెప్పనులే, ఆ పొట్లం నీదేనా?" అని అడిగాడు.

డ్రైవర్ కళ్లు తుడుచుకున్నాడు. "నాదన్నా, కాదన్నా మీరు చూడలేదుగా బాబాయ్!"

కాదనలేక ముసలాయన తల ఊపాడు గానీ, అడగకుండా ఉండాల్సిందని మాత్రం ఆయనకు అనిపించలేదు.