మెట్రో దారి మీద రాహేలు

ఉప్పుగూడ రైల్వే స్టేషన్ వెనక మా సందులో ఎవరినడిగినా, రాహేలుకు భయమంటే తెలియదనే చెబుతారు. నల్లా దగ్గర లొల్లి అయితే ముందుగా వినపడేది ఆమె గొంతే. కుక్కలు పిల్లల వెంట పడితే చేతికందిన చీపురు పట్టుకుని ఎదురు వెళ్ళేదీ ఆమే. మా ఇంటికీ వాళ్ళింటికీ మధ్య ఒక్క గోడ. ఇన్నేళ్ళూ పక్కనే ఉన్నా, ఆమె ఒక భయాన్ని కడుపులో దాచుకుని తిరుగుతోందని నాకు తెలియలేదు. కిందటి ఎండాకాలం గాలివాన వచ్చి వెళ్ళాక, ఒక మధ్యాహ్నం మా గడప మీద కూర్చుని బియ్యంలో రాళ్ళేరుతూ తనే చెప్పింది.

ఆమె తండ్రి ఆగయ్య బిల్డింగులకు రంగులేసేవాడు. బడి లేని రోజుల్లో రాహేలే ఆయనకు అన్నం తీసుకెళ్ళేది. ఒకరోజు సంతోష్‌నగర్‌లో మూడంతస్తుల ఇంటి ముందుకు చేరేసరికి, పైన వెదురు బొంగులతో కట్టిన పరంజా ఒక పక్కకు ఒరిగింది. ఆగయ్య వెంటనే పడలేదు. ఒక బొంగు పట్టుకుని వేలాడాడు. ఆయన వేళ్ళు తెల్లబడడం, ఒక్కొక్కటే వదలడం ఆ పిల్ల కింద నుంచి చూసింది. ఆయన ఇసుక కుప్ప మీద పడ్డాడు కాబట్టి ప్రాణం దక్కింది. నడుము మాత్రం మళ్ళీ సరిగా నిలవలేదు.

ఆ తర్వాత రాహేలు ఎత్తు జోలికి పోలేదు. డాబా మీద బట్టలారేయడం కూతురు వీణ పని. అదేమంటే మోకాళ్ళ నొప్పులనేది. ముప్పై ఏళ్ళు అలా గడిచిపోయాయి. ఎత్తుకు పోవాల్సిన అవసరం పెద్దగా రాలేదు కూడా. ఆమె పనిచేసే బట్టల దుకాణం కింది అంతస్తులోనే ఉండేది.

పాతబస్తీలోకి మెట్రో తెస్తామని రోడ్డు వెడల్పు చేయడం మొదలుపెట్టాక ఆ దుకాణం సగానికి పైగా కొట్టేశారు. సేటు మిగిలిన సగానికి షట్టర్ దించేసి కొడుకు దగ్గరికి వెళ్ళిపోయాడు. అప్పుడు మా వీధి చివర ఉండే స్వరూప ఆదుకుంది. స్వరూప మూసీ అవతల ఒక మెట్రో స్టేషన్‌లో సెక్యూరిటీ గార్డు.

"మా స్టేషన్ల క్లీనింగ్‌కు మనుషులను తీసుకుంటున్నరు అక్కా. నీడపట్టున పని. వస్తవా?" అని అడిగింది.

రాహేలు వస్తానంది. ఆ స్టేషన్ రోడ్డుకు ఎంతో ఎత్తున, పెద్ద పెద్ద స్తంభాల మీద ఉంటుందని ఆమెకు తెలుసు. బస్సులో ఆ కిందుగా పోయినప్పుడల్లా తల వంచుకునేది. అయినా సరేనంది. సామ్యూల్ ఒక్కడి సంపాదనతో ఇల్లు గడవడం కష్టమని కూడా ఆమెకు తెలుసు. సామ్యూల్ ఆమె భర్త, రైల్వేలో పట్టాల మరమ్మతు పని చేస్తాడు.

మొదటి రోజు ఎస్కలేటర్ ముందు నిలబడి, "నాకు మెట్లే అలవాటు" అని స్వరూపతో చెప్పింది. గోడ వైపు ఒత్తుకుని మెట్లెక్కింది. టికెట్లిచ్చే అంతస్తు వరకు ఫర్వాలేదనిపించింది. ఆ పైన ప్లాట్‌ఫారం. రైలు వచ్చే ముందు అక్కడ నేల సన్నగా అదురుతుంది. ప్రయాణికులెవరూ పట్టించుకోరు. రాహేలుకు మాత్రం ఆ అదురు పాదాల్లోంచి పైకి పాకేది. ప్లాట్‌ఫారం రెండు కొసల్లోనూ ఇనుప కటకటాలుంటాయి. వాటి సందుల్లోంచి కింద రోడ్డు, ఆటోలు, చీమల్లా మనుషులు కనపడతారు. ఆ కటకటాలను తుడవాల్సిన వంతు వచ్చినప్పుడు ఆమె మొహం పక్కకు తిప్పుకుని, కళ్ళు మూసుకుని తుడిచేది. దుమ్ము మిగిలిపోయిందని సూపర్‌వైజర్ కోప్పడితే మళ్ళీ వెళ్ళి మళ్ళీ కళ్ళు మూసుకునే తుడిచేది.

ఒక ఆదివారం చర్చి నుంచి వచ్చాక, తన దగ్గరే ఉంటున్న ఆగయ్యకు మంచం మీదే అన్నం పెడుతూ అడిగింది.

"బాపూ, రోజూ గంత పైకెక్కుతుంటివి కదా. నీకు భయం కాకపోతుండెనా?"

ఆగయ్య ముద్ద నమిలి మింగాడు.

"కాకేంది బిడ్డా? రోజూ అయ్యేది. పరంజా మీద కాలు పెట్టంగనే వణుకు సురువయ్యేది. పడ్డనాడు కొత్తగ ఏం భయం కాలే."

"మరి ఎవ్వరికి చెప్పలే?"

"చెప్తే పని ఎవడిస్తడు?"

ఆ మాట ఆమెకు ధైర్యమేమీ ఇవ్వలేదు. నోరు మరింత గట్టిగా కట్టేసింది. స్వరూపకు గానీ సామ్యూల్‌కు గానీ చెప్పకుండానే ఏడాది నెట్టుకొచ్చింది.

మే నెలలో ఒక సాయంత్రం ఉన్నట్టుండి మబ్బు కమ్మింది. స్టేషన్ పైకప్పు రేకులు దడదడలాడాయి. దుమ్ము లేచి, ఆ వెంటనే రాళ్ళవాన పడింది. గాలికి ఎక్కడి నుంచో చిరిగిన ఫ్లెక్సీ ఒకటి ఎగిరొచ్చి రైలు పై తీగల మీద చుట్టుకుంది. పెద్ద మెరుపు, చప్పుడు. వస్తున్న రైలు ప్లాట్‌ఫారానికి కొంచెం దూరంలోనే ఆగిపోయింది. లోపల లైట్లు ఆరిపోయాయి.

రాహేలు అప్పుడు ప్లాట్‌ఫారం మీదే ఉంది. వాన నీళ్ళు లోపలికి కొట్టుకొస్తుంటే వైపర్‌తో తోస్తోంది. కాసేపటికి కరెంటు పూర్తిగా ఆపేశారని, ప్రయాణికులను దించి పట్టాల పక్క సన్నటి నడకదారి మీదుగా తీసుకొస్తున్నారని తెలిసింది. జనం ఒకరి వెనక ఒకరు తడుచుకుంటూ వచ్చి ప్లాట్‌ఫారం ఎక్కారు. కొందరు నవ్వుతున్నారు, కొందరు తిడుతున్నారు, చాలామంది ఫోన్లు పైకెత్తి పట్టుకున్నారు. అందరూ వచ్చేశారనుకున్నాక, దారి మధ్యలో నల్లటి మూట లాంటిది ఒకటి కనిపించింది. బురఖాలో ఉన్న ఒక పెద్దామె. కూర్చుండిపోయి పక్కనున్న ఇనుప గొట్టాన్ని రెండు చేతులతో పట్టుకుంది.

ఇద్దరు మగ ఉద్యోగులు వెళ్ళి లేవదీయబోయారు. ఆమె కేక పెట్టింది.

"నక్కో! హాత్ నక్కో లగావ్!" తనను ముట్టుకోవద్దని అరుస్తూనే ఉంది. బలవంతం చేస్తే అటూ ఇటూ గుంజుకుని ఎక్కడ జారుతుందోనని వాళ్ళు వెనక్కి తగ్గారు.

స్టేషన్ బాధ్యత చూసే నిఖిలేష్ కుర్రవాడు. "స్వరూప ఎక్కడ? ఎవరైనా లేడీస్ వెళ్ళాలి" అన్నాడు. స్వరూప కింద గేట్ల దగ్గర తొక్కిసలాట కాకుండా చూస్తోంది. నిఖిలేష్ చుట్టూ చూశాడు. అతని కళ్ళు రాహేలు మీద ఆగాయి.

"నేను ఒద్దని చెప్దామనే నోరు తెరిచిన," అంది నాతో రాహేలు. "గప్పుడే ఆమె వేళ్ళు చూసిన అక్కా. గొట్టం పట్టుకున్న వేళ్ళు. తెల్లగైనయ్. మా బాపు వేళ్ళ లెక్క."

వైపర్ కింద పెట్టి, ప్లాట్‌ఫారం చివరి గేటు దాటింది.

నాలుగడుగులు వేసిందో లేదో కాళ్ళు ఆమె మాట వినడం మానేశాయి. ఒక పక్క పట్టాలు. రెండో పక్క నడుమెత్తు గోడ, దాని అవతల ఏమీ లేదు, గాలి మాత్రమే. కింద హారన్లు మోగుతున్నాయి. ఆ చప్పుడు ఎంత లోతు నుంచి వస్తోందో చెవులకు తెలిసిపోతోంది. పాదాల కింద వడగళ్ళు జారుతున్నాయి. దారి మొత్తం ఒక పక్కకు ఒరుగుతున్నట్టనిపించింది. ఆమె కూలబడిపోయింది. ప్లాట్‌ఫారం మీద ఎవరో నవ్వారు. వెనక్కి పోవాలంటే తిరగాలి, తిరగాలంటే లేవాలి, లేవడం చేతకాదు. అందుకని చేతులు నేలకానించి, కూర్చునే ముందుకు జరిగింది. చీర తడిసి కాళ్ళకు చుట్టుకుంది. అరచేతులు గీరుకుపోయాయి. ఎంతసేపు జరిగిందో ఆమెకు తెలియదు. తలెత్తేసరికి పెద్దామె మొహం ఎదురుగా ఉంది.

ఆమె పేరు షాహెదా బేగం. దబీర్‌పురాలో ఉంటుంది. ఆస్పత్రిలో ఉన్న చెల్లెల్ని చూసి వస్తోంది. ఇవన్నీ తర్వాత తెలిసిన సంగతులు. అప్పుడు మాత్రం ఇద్దరూ ఒకరినొకరు చూసుకుంటూ పళ్ళు కొట్టుకుంటూ వణికారు.

"అమ్మా, ముజే భీ డర్ లగ్రా," అంది రాహేలు. "దేఖో, మై భీ బైఠ్ కేచ్ ఆయీ." నాకూ భయమే, నేనూ కూర్చునే వచ్చానని.

షాహెదా బేగం ఆమె తడిసిన చీరను, నెత్తురు కారే అరచేతులను చూసింది.

"తో కైకు ఆయీ?" మరెందుకొచ్చావని అడిగింది.

"మాలూమ్ నై," అంది రాహేలు. నిజంగానే తెలియదు.

ఏమనుకుందో, పెద్దామె ఒక చేతి వేళ్ళు గొట్టం మీద నుంచి తీసి రాహేలు మోచేయి పట్టుకుంది. తర్వాత రెండో చేయి. ఆ సన్నటి దారిలో ఇద్దరూ ఒకరినొకరు ఒరుసుకుని, గోడకు ఎడంగా, కూర్చునే జరగడం మొదలుపెట్టారు. రాహేలు "యేసయ్యా, యేసయ్యా" అంటోంది. షాహెదా బేగం గొణుక్కుంటూ దువా చదువుతోంది. ఎవరి దేవుణ్ణి వాళ్ళు పిలుచుకుంటూ సగం దూరం వచ్చారు.

అప్పుడు మళ్ళీ గాలి లేచింది. పైకప్పు రేకు ఒకటి ఊడి, చప్పుడు చేస్తూ గోడ అవతలికి పోయింది. అది కింద పడిన మోత చాలాసేపటికి గానీ వినపడలేదు. రాహేలు ఆ మోత కోసం ఎదురుచూసింది. అదే ఆమె చేసిన తప్పు. మోత వినపడగానే ఆమె ఒళ్ళు బిగుసుకుపోయింది. చేతులు కదలవు, ఊపిరి ఆడదు. కళ్ళ ముందు ఇసుక కుప్ప. పట్టాల పక్కన అలాగే ఉండిపోతానని, తనను ఎవరూ ఇక్కడి నుంచి తీసుకుపోలేరని అనుకుంది.

మోచేతి మీద పట్టు బిగిసింది.

"చలో బేటీ," అంది షాహెదా బేగం. కాసేపటి కిందట కేకలు పెట్టిన గొంతేనా అనిపించేంత నెమ్మదిగా అంది. "మేరే కో దేఖో. నీచే నక్కో దేఖో." కిందికి చూడకు, నన్ను చూడమని.

రాహేలు ఆమెను చూసింది. కాటుక చెరిగిన కళ్ళు, ముడతలు, గడ్డం కింద పుట్టుమచ్చ. ఆ పుట్టుమచ్చనే చూస్తూ జరిగింది. మిగతా దూరమంతా పెద్దామే ఆమెను లాక్కొచ్చింది. ప్లాట్‌ఫారం గేటు దగ్గర నిఖిలేష్ చేయి అందించేసరికి, ఎవరు ఎవరిని కాపాడారో చూసేవాళ్ళకు తెలియలేదు. అప్పటికే పైకి పరుగెత్తుకొచ్చిన స్వరూప ఇద్దరికీ దుప్పటి కప్పింది. షాహెదా బేగం కొడుకు వచ్చి తల్లిని తీసుకుపోయాడు. పోతూ ఆమె రాహేలు నుదుటి మీద ముద్దుపెట్టింది.

కథ అక్కడితో అయిపోతే బాగుండేది. ఎవరో తీసిన వీడియో తెల్లారేసరికి అందరి ఫోన్లలోకి చేరింది. ఇద్దరాడవాళ్ళు పిల్లల్లా కూర్చుని జరుగుతుంటే, దానికి నవ్వులు, బొమ్మలు అతికించారు. వీణ కాలేజీ నుంచి మధ్యలోనే ఇంటికొచ్చేసింది.

"అందరు నవ్వుతున్రు మమ్మీ. నీకు అంత భయమని మాకెందుకు చెప్పలే?"

మంచం మీద నుంచి ఆగయ్య, "నవ్వెటోళ్ళను ఒక్కసారి గా గోడ పక్కన నిలబడమను," అన్నాడు. సామ్యూల్ ఆమె అరచేతులకు మందు రాశాడు.

పనికి మళ్ళీ వెళ్ళిన రోజు రాహేలు స్టేషన్ కింద మెట్ల దగ్గరే ఆగిపోయింది. ఒక కాలు మెట్టు మీద పెట్టి, తీసి, మళ్ళీ పెట్టింది. చివరికి స్వరూపే నిఖిలేష్‌ను కిందికి పిలుచుకొచ్చింది. అతను నవ్వుతూ వచ్చాడు. ఆమెకు శాలువా కప్పి సన్మానం చేద్దామనుకుంటున్నారట, ప్లాట్‌ఫారం మీదే.

"శాలువా ఒద్దు సార్," అంది రాహేలు. జీవితంలో మొదటిసారి 'ఒద్దు' అనే మాట పై అధికారితో అంది. "నాకు ఎత్తంటే భయం. చిన్నప్పటి సంది భయం. కొసలకు నన్ను పంపకున్రి. పని తీసేస్తె తీసెయ్యున్రి."

పని పోయిందనే అనుకుంది. నిఖిలేష్ క్లీనింగ్ సూపర్‌వైజర్‌తో మాట్లాడాడు. కొసల కటకటాలు తుడిచే వంతు యశోద అనే ఆమెకు మారింది, బదులుగా యశోద చేసే బాత్‌రూముల పని రాహేలు తీసుకుంది. వాసన భరించొచ్చు అక్కా, అంది నాతో.

భయం పోలేదు. కొన్ని రాత్రులు కలలో చేతులు బిగుసుకుపోతాయని, మెలకువ వచ్చాక వేళ్ళను ఒక్కొక్కటే విప్పుకుంటానని చెప్పింది. షాహెదా బేగం తర్వాత మళ్ళీ మెట్రో ఎక్కలేదట.

మొన్న వానాకాలం మొదట్లో నేనొక పని మీద ఆ స్టేషన్‌కు వెళ్ళాను. టికెట్ల అంతస్తులో ఉండగా బయట మబ్బు ముసిరింది. పై నుంచి రాహేలు బకెట్ పట్టుకుని, గోడను రాసుకుంటూ దిగింది. నిఖిలేష్ ఎదురుపడితే, "మబ్బు పోయినంక పైకి పోత సార్," అంది. అతను తలూపి వెళ్ళిపోయాడు. ఆమె ఒక స్తంభానికి వీపు ఆనించి, బకెట్ పక్కన పెట్టుకుని నేల మీద కూర్చుంది. రెండు చేతులూ ఒళ్ళో గట్టిగా పట్టుకుంది. నన్ను చూసి పక్కకు కొంచెం జరిగింది. నేను వెళ్ళి కూర్చున్నాను. పైన రేకుల మీద వాన మొదలైంది.