సౌజన్యకు నేను నేర్పిన ‘ప్లే బాల్’

2006 అక్టోబరులో నేను న్యూజెర్సీలోని పిస్కాటవేలో ఒక మందుల కంపెనీలో, క్వాలిటీ విభాగంలో సీనియర్ రివ్యూయర్‌గా పనిచేస్తున్నాను. ఆ కంపెనీ గుండెజబ్బు మాత్రలు తయారుచేసేది. మాత్రలను పరీక్షించేవాళ్లు ల్యాబ్‌లోని ఎనలిస్టులు. వాళ్లు రాసిన నోట్‌బుక్కులను అక్షరం అక్షరం చదివి, అన్నీ సరిగ్గా ఉంటేనే సంతకం పెట్టడం నా ఉద్యోగం. నా సంతకం పడనిదే ఒక్క సీసా కూడా గేటు దాటదు. వినడానికి పెద్ద అధికారంలా ఉంటుంది గానీ, రోజంతా చేసేది మాత్రం ఇతరుల చేతిరాతతో కుస్తీ పట్టడమే.

ల్యాబ్ డైరెక్టర్ పేరు గ్యారీ. హోదాలో నాకన్నా రెండు మెట్లు పైన. అయితే నేను ఆయన కింద పనిచేయను. పరీక్ష చేసే విభాగం, దాన్ని తనిఖీ చేసే విభాగం వేరువేరుగా ఉండాలన్నది మా వృత్తిలో మొదటి నియమం. గ్యారీ చెడ్డవాడు కాదు. శనివారాలు తన ఊళ్లో పిల్లలకు బేస్‌బాల్ నేర్పేవాడు, అందుకేనేమో ఆయన మాటల్లో సగం ఆ ఆటలోంచే వచ్చేవి.

ఆయన ల్యాబ్‌లో సౌజన్య అనే అమ్మాయి ఎనలిస్టుగా ఉండేది. నల్గొండ వైపు పిల్ల, ఇక్కడే ఎమ్మెస్ చేసి ఉద్యోగంలో చేరి రెండేళ్లయింది. ప్లెయిన్స్‌బరోలో మా ఇంటికి దగ్గర్లోని అపార్ట్‌మెంట్లలో ఉండేది. కారు కొనలేదు కాబట్టి రోజూ నా కారులోనే వచ్చేది. కారులో నేను ఆంటీని. ఆఫీసులో అందరూ నన్ను సుగుణ అని పేరు పెట్టి పిలిచేవారు. సౌజన్యకు అది నోట రాదు, అక్కడ ఆంటీ అనకూడదని తెలుసు, అందుకని ఏ పిలుపూ లేకుండానే నాతో మాట్లాడేది. పని విషయంలో మాత్రం ఆ పిల్ల నోట్‌బుక్ చదవడం నాకు విశ్రాంతి తీసుకున్నట్టుండేది. ప్రతి అంకె గుండ్రంగా, ప్రతి టైమూ నిమిషంతో సహా ఉండేది.

ఆ వేసవిలో జరిగిన వార్షిక సమీక్షలో గ్యారీ ఆమె పని బాగుందని రాసి, చివర్లో టీమ్‌తో ఇంకొంచెం కలవాలి అని ఒక ముక్క తగిలించాడు. ఆమె గ్రీన్ కార్డ్ పేపర్ల మీద కంపెనీ తరఫున సిఫారసు చేయాల్సింది ఆయనే. సౌజన్య వారం రోజులు తిండి సరిగ్గా తినలేదు. నేను పెద్దరికం చూపించడానికి ఇదే సమయమనుకున్నాను. మీటింగుల్లో మూలన కూర్చోకు, లంచ్‌కి వాళ్లతో వెళ్లు, ఎవరైనా సాయం అడిగితే కాదనకు, ఇక్కడ దీన్నే ప్లే బాల్ అంటారు, ప్లే బాల్ చేసేవాళ్లంటే అందరికీ ఇష్టం అని రూట్ వన్ హైవే ట్రాఫిక్‌లో దాదాపు ప్రతిరోజూ పాఠం చెప్పాను. ఆమె శ్రద్ధగా విని సరే ఆంటీ అనేది. బుద్ధిమంతురాలని మురిసిపోయాను.

అక్టోబరు మూడో వారంలో ఒక కొత్త బ్యాచ్ డిజల్యూషన్ పరీక్షకు వచ్చింది. మాత్ర కడుపులోకి వెళ్లాక సరైన సమయంలో కరుగుతుందా లేదా అని చూసే పరీక్ష ఇది. ఒంటి వేడి ఉన్న ద్రవం పోసిన ఆరు గాజు పాత్రల్లో ఒక్కో మాత్ర వేసి, తెడ్లు తిప్పుతూ, ముప్పై నిమిషాలకు కొంచెం ద్రవం బయటికి తీసి, అందులోకి మందు ఎంత దిగిందో కొలుస్తారు. ఆరు పాత్రల్లోంచి ఒక్క మనిషి ఒకేసారి తీయలేదు కాబట్టి మాత్రలను నిమిషం నిమిషం తేడాతో వేస్తారు, తీసేటప్పుడూ అదే వరుస. ఆ రోజు పరీక్ష చేసింది సౌజన్య. ఆరు పాత్రల్లోనూ మందు తక్కువే కరిగింది.

ఇలాంటప్పుడు ఇంకోసారి చేసి చూద్దాం అనడానికి మాకు వీల్లేదు. ముందు దర్యాప్తు జరగాలి. ల్యాబ్‌లో పొరపాటు జరిగిందని తేలితేనే ఆ ఫలితాన్ని పక్కనపెట్టి మళ్లీ పరీక్ష చేయనిస్తారు. పొరపాటు లేదంటే లోపం మాత్రల్లోనే ఉన్నట్టు, బ్యాచ్ మొత్తం ఆగిపోతుంది. లోపం ఉన్న మాత్ర వేసుకునేది ఎక్కడో ఒక గుండె రోగి. దాన్ని మర్చిపోవద్దని కొత్తగా చేరిన ప్రతి ఒక్కరికీ మొదటిరోజే చెబుతాం.

రెండు రోజులకు దర్యాప్తు ఫైలు నా బల్ల మీదికి వచ్చింది. మామూలుగా దాన్ని సెక్రటరీ తెస్తుంది. ఆ రోజు గ్యారీ స్వయంగా తెచ్చాడు. ట్రక్కులు సోమవారానికి బుక్ అయ్యాయని, పైవాళ్లు గంటకోసారి ఫోన్ చేస్తున్నారని చెప్పి, ఈసారికి నన్ను కూడా ప్లే బాల్ చేయమని చాలా మర్యాదగా అడిగి వెళ్లాడు. ఆయన కళ్ల కింద నలుపు చూసి నాకు జాలేసింది.

ఫైలు తెరిచాను. తప్పు ఎనలిస్టుదని తేల్చారు. సాక్ష్యంగా సౌజన్య చేతిరాతలో ఒక వాంగ్మూలం ఉంది. ముప్పై నిమిషాలకు తీయాల్సిన ద్రవాన్ని కొన్ని నిమిషాలు ముందే తీసి ఉండవచ్చనీ, అది తన పొరపాటేననీ రాసి సంతకం పెట్టింది.

నేను నోట్‌బుక్ పేజీ పక్కన పెట్టుకుని మళ్లీ చదివాను. ఆరు పాత్రలు, ఆరు టైములు, నిమిషం నిమిషం తేడాతో. ముందే తీసిందంటే ఒక్క పాత్ర దగ్గర తొందరపడితే సరిపోదు, ఆరింటి దగ్గరా సరిగ్గా ఒకేలా తొందరపడాలి, ఆరుసార్లూ అబద్ధపు టైము రాయాలి. ఆ పిల్ల అలా చేయదన్నది నా అభిమానం కావచ్చు. ఆరుసార్లు ఒకే పొరపాటు ఒకే కొలతలో జరగదన్నది మాత్రం లెక్క. తర్వాత మా విభాగంలో ఉండే పొరపాట్ల రిజిస్టరు తీశాను. ఆ ఏడాది సౌజన్య పేరు మీద అప్పటికే రెండు చిన్న తప్పులున్నాయి. మూడోది పడితే ఎనలిస్టును పరీక్షల నుంచి తప్పిస్తారు. పరీక్షలు చేయని ఎనలిస్టు ఉద్యోగం ఎన్నాళ్లుంటుంది, ఆ ఉద్యోగం మీద ఆధారపడ్డ పేపర్లు ఏమవుతాయి?

ఆమెను చిన్న మీటింగ్ గదిలోకి పిలిచాను. నిజంగా ముందే తీశావా అని అడిగాను.

“లేదాంటీ, టైంకే తీసిన,” అంది. “గ్యారీ వచ్చి ముందే తీసినవేమో అని అడిగిండు. పాపం ఆయన బాగా టెన్షన్‌ల ఉన్నడు. కావచ్చు అన్న. అయితే రాసియ్యమన్నడు, రాసిచ్చిన. నా పేరు పెడితే అందరి పని అయిపోతదంటే నాకేం ప్రాబ్లం లేదు.”

ఎందుకిలా చేశావమ్మా అన్నాను. కాస్త గట్టిగానే అన్నట్టున్నాను.

“మీరే కదాంటీ చెప్పింది, ప్లే బాల్ చెయ్యాలని.”

నాకు తల కొట్టేసినట్టయింది. ఆ అమ్మాయి ముఖంలో వెటకారం లేదు, నిష్ఠూరం లేదు. చెప్పిన పాఠం అప్పజెప్పి మెప్పు కోసం చూస్తున్న ముఖం అది.

నేను ఈ దేశానికి వచ్చిన కొత్తలో ఆ మాట విని నిఘంటువు చూశాను. సహకరించడం అని ఉంది. నిఘంటువులో లేనిది తెలియడానికి ఇరవై ఏళ్లు పట్టింది. ఆ మాటను కిందివాడు పైవాడితో అనగా నేనెప్పుడూ వినలేదు. ఎదుటివాళ్లతో అంటే మర్యాదగా అడిగినట్టుంటుంది. ఎదుట లేనివాళ్ల గురించి అంటే ఎక్కువసార్లు ఫిర్యాదుగానే వస్తుంది, ఫలానా వాళ్లు ప్లే బాల్ చేయడం లేదని. మంచి పనికి చేయి కలపమనడానికీ అదే మాట, కళ్లు మూసుకుని సరే అనమనడానికీ అదే మాట. ఏది ఎప్పుడో పక్కనున్న పరిస్థితిని బట్టి పోల్చుకోవాలి. ఇదంతా నాకు తెలుసు. సౌజన్యకు మాత్రం నిఘంటువు అర్థం ఒక్కటే చెప్పాను. పైగా పెద్దవాళ్లు ఇబ్బంది పడుతుంటే తప్పు మన మీద వేసుకుని వాళ్లను గట్టెక్కించడం మంచితనమని మా ఇద్దరికీ ఇంట్లోనే నేర్పారు. ఆ మంచితనానికి నేనొక ఇంగ్లీషు పేరు కూడా ఇచ్చి పంపానన్నమాట.

రిజిస్టరు సంగతి చెప్పాను. ఆమె తన రికార్డు తాను తెలుసుకోవడం తప్పు కాదు. మూడో తప్పు అనగానే ముఖం పాలిపోయింది. తర్వాత, బేస్‌బాల్‌లో ప్లే బాల్ అని కేకవేసేది అంపైర్ అని, ఆ కేక వినపడగానే ఎవరి చోట వాళ్లు నిలబడతారే తప్ప ఒకరి చోటికి ఇంకొకరు పరుగెత్తరని చెప్పాను. నీ చోటు ఆ గాజు పాత్రల దగ్గర, అక్కడ ఏం చూశావో అది రాయడమే నువ్వు చేయాల్సిన సహకారం, ఇన్నాళ్లూ నేను చెప్పింది సగమే, తప్పు నాది అన్నాను. ఆంటీ నోట తప్పు నాది అన్న మాట వినడం ఆ పిల్లకు మూడో తప్పు కన్నా ఎక్కువ కంగారు పుట్టించింది.

గ్యారీకి కోపమొస్తే తన పేపర్లు ఏమవుతాయని అడిగింది. రాదని చెప్పాలని నోటిదాకా వచ్చింది. కోపం రావచ్చు, పేపర్ల మీద దాని ప్రభావం నాకు తెలియదు అన్నాను. ఆమె ఫైల్లోంచి తన వాంగ్మూలం తీసి ముందు పెట్టుకుంది.

మా వృత్తిలో రాసినదాన్ని చెరపకూడదు, కాగితం మార్చకూడదు. పాతది కనబడేలా ఒక్క గీత గీసి, పక్కన కారణం, తేదీ, పొడి అక్షరాలు వేయాలి. సౌజన్య పెన్ను తీసి, ఏం రాయాల్నో చెప్పండాంటీ అంది.

ఆమె అపార్ట్‌మెంట్ ఫారాలు నింపింది నేను. బ్యాంకు ఉత్తరాలు, డాక్టరు దగ్గరి కాగితాలు నింపింది నేను. ఈ ఒక్క కాగితం మీద నేను ఒక్క మాట చెప్పినా దానికి విలువ ఉండదు. చెప్పకూడదమ్మా, జరిగింది నీకే తెలుసు అని చేతులు ఒళ్లో పెట్టుకుని కూర్చున్నాను. ఆమె ఒక వాక్యం రాయడానికి పదిహేను నిమిషాలు తీసుకుంది. మధ్యలో రెండుసార్లు నా వైపు చూసింది, నేను రెండుసార్లూ కిటికీ వైపు చూశాను. నా ఉద్యోగంలో అంత కష్టమైన పదిహేను నిమిషాలు మరి లేవు. చివరికి గీత గీసి, నమూనాలన్నీ నిర్ణీత సమయానికే తీశానని, మొదటి వాంగ్మూలం అడిగినవారిని సంతోషపెట్టడానికి రాసిందని రాసింది. ఆ రెండో ముక్క రాయమని ఎవరూ ఆమెను అడగలేదు. నాకు ఏడుపొచ్చింది, దగ్గు నటించాను.

తర్వాత నేనూ ఒక కాగితం రాశాను. ఎనలిస్టు రోజూ నా కారులో వస్తుందని, మా రెండిళ్ల మధ్య చనువు ఉందని, అడిగినదానికి ఒప్పుకోమని ఆమెకు సలహా ఇచ్చింది నేనేనని, అందువల్ల ఈ ఫైలు మీద చివరి సంతకం ఇంకొక రివ్యూయర్ పెట్టాలని. రెండేళ్ల క్రితమే ఈ విషయం చెప్పి ఉండాల్సింది. మనవాళ్ల పిల్లను కారెక్కించుకోవడం కూడా చెప్పుకోవాల్సిన విషయమని నాకు అప్పటిదాకా తట్టలేదు.

రెండు కాగితాలూ తీసుకుని గ్యారీ గదికి వెళ్లాను. ఆయన చదివి, నువ్వు ప్లే బాల్ చేస్తావనుకున్నాను అన్నాడు. నా చోట నేను నిలబడ్డానని చెప్పాను. నా రెండో కాగితం ఇంకోసారి చదివాడు. ఫైలు మూసేశాడు.

ఇంకొక రివ్యూయర్ ల్యాబ్‌లో పొరపాటు లేదని తేల్చింది. దర్యాప్తు ఫ్యాక్టరీకి మారింది. మాత్రలు యంత్రానికి అంటుకోకుండా కలిపే జిడ్డు పొడిని ఆ బ్యాచ్‌లో అవసరానికి మించి ఎక్కువసేపు తిప్పారని, అది మందు చుట్టూ పూతలా పట్టి కరగనివ్వలేదని తేలింది. బ్యాచ్ ధ్వంసం చేశారు. నా సర్వీసు ఫైల్లో, పరిచయాన్ని ముందే వెల్లడించలేదన్న హెచ్చరిక చేరింది. అది న్యాయమే. గ్యారీ కొన్ని వారాలపాటు నాతో గుడ్ మార్నింగ్ తప్ప ఇంకో మాట మాట్లాడలేదు. డిసెంబరులో మాత్రం సౌజన్య పేపర్ల మీద సంతకం చేశాడు. సిఫారసులో ఆమె రికార్డులను నమ్మవచ్చు అని ఒకే వాక్యం రాశాడు. నేను గ్యారీని క్షమించింది ఆ రోజే.

అంతకు ముందు, నవంబరులో ఒక ఉదయం కారులో, శనివారం మా ఇంట్లో భోజనాలున్నాయి, పొద్దున ఏడింటికల్లా వచ్చి వంటలో సాయం చేయమని సౌజన్యకు చెప్పాను. రెండేళ్లుగా ఇలాంటివి ఎన్ని చెప్పానో, ఎన్ని సరేలు విన్నానో లెక్కలేదు.

“ఈ శనివారం కుదరదాంటీ. నేను నిద్రపోవాలె,” అంది.

ఒక్క క్షణం చురుక్కుమంది. అప్పటిదాకా ఆమె సరేలను గ్యారీ ఒక్కడే కాదు, నేనూ తీరిగ్గా వాడుకున్నానని తెలిసింది. సరే పడుకో అన్నాను. ఆ తర్వాత దారి పొడుగునా నాకు మహా సంతోషంగా ఉంది.

నేను రిటైరయ్యేదాకా కొత్తవాళ్లకు ఆ ఆటమాట నేర్పుతూనే వచ్చాను, రెండు అర్థాలతోనూ. ఆ ఫైలు నాకు నేర్పింది ఇదీ. సరే అనడం ఒక్కటే వచ్చిన మనిషి సంతకం దేన్నీ రుజువు చేయదు. కాదనగలిగే మనిషి సంతకాన్ని నమ్మబట్టే ఎక్కడో ఒక రోగి ఆ మాత్ర వేసుకుంటాడు.