సినిమాలో అమ్మ నడక

మా అమ్మ మైపాడులో చేపల గంప ఎత్తుకుని, బస్సెక్కి నెల్లూరికి పోయి వీధుల్లో అమ్మేది. ఒక ఏడాది మా తీరం ఆడవాళ్ల మీద డాక్యుమెంటరీ తీయడానికి పట్నం నుంచి ఒకమ్మాయి, కెమెరా అబ్బాయి వచ్చారు. ఊరంతా తిరిగి అమ్మను ఎంచుకున్నారు.

మొదటిరోజు అమ్మ తలనిండా కనకాంబరాలు పెట్టుకుని, పెట్టెలోని పట్టుచీర కట్టుకుని వాకిట్లో నిలబడింది.

"అక్కా, రోజూ ఎలా వెళ్తారో అలాగే రండి. మేము లేమనుకోండి" అంది ఆ అమ్మాయి నవ్వు ఆపుకుంటూ.

"లేరని ఎట్టనుకునేది మే, ఎదురుగ్గా ఉండారు గదా!" అంది అమ్మ. అయినా లోపలికి పోయి పాత వాయిలు చీర కట్టుకొచ్చింది.

వీధుల్లో నోరు మూతపడని మనిషి కెమెరా ముందు బిగుసుకుపోయింది. చేపలమ్మే కేక కూడా నోట రాలేదు. చివరికి ఒకావిడ వంజరం చేపను వేలితో నొక్కి, నిన్నటిదేమో అని సందేహపడింది. అంతే, అమ్మ అన్నీ మరిచిపోయింది.

"నిన్నటిదా? మొప్పలెత్తి చూడు తల్లీ, ఎర్రగా ఎట్టుండాయో!"

ఆ తర్వాత ఆమెకు కెమెరా గుర్తే లేదు.

కొన్ని నెలలకు బడి గోడకు తెల్లదుప్పటి కట్టి ఆ సినిమా మాకు చూపించారు. తెలిసిన మొహం కనబడ్డప్పుడల్లా జనం ఈలలు వేశారు. అమ్మ కొంగు నోటికి అడ్డం పెట్టుకుని నవ్వుతూనే ఉంది. ఒకచోట ఆమె గంపతో ఇసుకదారిన బస్సుకు పోతోంది. వెనకనుంచి తీశారు. ఎడమచెయ్యి నడుం మీద, కుడికాలు కాస్త విసిరినట్టు.

అమ్మ నవ్వు ఆగిపోయింది. నా చెయ్యి పట్టుకుంది.

"అది మాయమ్మ."

"నువ్వే గదమ్మా."

"కాదు. మాయమ్మ ఇట్టనే పొయ్యేది. నేను ఎనకాల పరిగెత్తేదాన్ని."

అమ్మ చిన్నప్పుడే మా అమ్మమ్మ పోయింది. ఒక్క ఫోటో కూడా లేదు. ఆమె మొహం గుర్తుకు రాదని అమ్మ ఎన్నోసార్లు బాధపడింది. తను నడుస్తుంటే వెనకనుంచి ఎలా ఉంటుందో అప్పటిదాకా అమ్మ ఎప్పుడూ చూసుకోలేదు.

ఆట అయ్యాక అమ్మ ఆ సినిమా తీసిన అమ్మాయి దగ్గరికి పోయి, "ఆ నడిచేది ఒక్కటీ మాకియ్యి తల్లీ, అందులో మాయమ్మ కనబడతా ఉండాది" అని అడిగింది. ఆ అమ్మాయి కళ్లు తుడుచుకుని, ఆ ముక్క నా ఫోన్లోకి పంపింది.

తీరికైనప్పుడల్లా "మాయమ్మను పెట్టు" అనేది అమ్మ. ఒకరోజు మా వీధి చివరుండే ముసలవ్వకు చూపించింది. అవ్వ ఫోన్ కళ్లకానించుకుని చాలాసేపు చూసింది.

"ఇది మీయమ్మ గదే! ఎప్పుడు తీసినారే దీన్ని?"

అది తనేనని అమ్మ చెప్పలేదు. అవ్వ పక్కన కూర్చుని, "మాయమ్మ ఎట్టుండేది అవ్వా?" అంది. అలలకు ఎదురీదే ఆమె తెగువ, వల లాగేటప్పుడు పాడే పాట, పసిపిల్లైన అమ్మను గంపలో కూర్చోబెట్టుకుని సంతకు పోవడం, అన్నీ చెప్పింది అవ్వ. అప్పటిదాకా అవి మా ఇంట్లో ఎవరికీ తెలియవు. అమ్మ మోకాళ్ల మీద గడ్డం ఆనించుకుని, చిన్నపిల్లలా వింటూ కూర్చుంది.